మిల్లు బూడిద, మెంతికూర

చిలుకూరు దాటేసరికి మిర్యాలగూడ బస్సులో నా కాళ్లకు చోటు పోయింది. అక్కడ ఎక్కిన ఒక పెద్దావిడ యూరియా సంచిని నా పాదాల మీద దించి, పక్కన కూర్చుంది. సంచిలోంచి గొర్రెల దొడ్డి వాసన.

కండక్టర్ వచ్చాడు. "అవ్వా, ఆడోళ్లకు ఫ్రీ. మూటకు టికెట్ కొట్టాలె."

"మూట గూడ ఆడదే, బిడ్డా. అన్నీ గొర్రెల పెంటికలే, పొట్టేలుది ఒక్కటి లేదు."

అతను నవ్వలేదు. టికెట్ కొట్టాడు.

పిడికెడు మంచి మట్టిలో భూమ్మీద మనుషులకన్నా ఎక్కువ ప్రాణులుంటాయని ఎక్కడో చదివాను. ఆ లెక్కన ఆ మూట ముందు మా బస్సు ఖాళీ.

ఆమె పేరు శాంతకుమారి. పుట్టిల్లు చిలుకూరు, అత్తిల్లు వేములపల్లి. నడుము వంగినన్నాళ్లు నాట్లేసింది. వంగనన్నాక మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లులో ఊడ్చే పనికి చేరింది. అదీ మానేశాక పెరట్లో కూరగాయలు పెట్టుకుంది. చర్చిలో కోతపండుగకు ఎవరి పంట వాళ్లు తెచ్చి బల్ల మీద పెడతారు, ఆరాధన అయ్యాక వేలం వేస్తారు. ఆ బల్ల నడుమ పెద్ద గుమ్మడికాయ ఏటా శాంతకుమారిది. నియమమేం కాదు, అలవాటు. నియమాన్నయితే పాస్టరు మార్చగలడు, అలవాటును మార్చలేడు.

పోయినేడు మట్టిని ఇంకా బాగు చేద్దామనుకుంది. మిర్యాలగూడ చుట్టుపక్కల మిల్లుల ఊక బూడిద ఊరికే దొరుకుతుంది. ట్రాక్టరు నిండా తెప్పించి పెరడంతా పరిచింది.

"పిడికెడేస్తె మంచిదని అందరంటరు. పిడికెడే మంచిదైతె ట్రాక్టరెంత మంచిదో అనుకున్న."

"ఏమైంది?"

"చవుడైంది. మట్టి మీద తెల్లగ పెచ్చు కట్టింది. తీగలు పసుపు రాసుకున్నట్టయినయి. మిల్లోళ్లు పెన్షనియ్యలే గని, బూడిద మాత్రం కడుపునిండ ఇచ్చిన్రు."

పై పొర ఎత్తిపోసింది. నీళ్లు నిలగట్టి వదిలింది. వానలకు పచ్చిరొట్ట ఎరువు కోసం జీలుగ చల్లి, పూత రాకముందే కోసి మట్టిలో కలిపేసింది. పక్కింటి వీరమ్మ గోడ మీంచి చూసి, "పండించి పాతిపెడుతున్నవా వదినా" అన్నదట. వీరమ్మదీ అదే చర్చి. ఆ తర్వాత చిలుకూరులో తమ్ముడి దొడ్డి నుంచి మాగిన ఎరువు, పుట్టింటికి వచ్చినప్పుడల్లా ఒక మూట. గుమ్మడి ఇంకా కోలుకోలేదు. ఒక మూల మడిలో మాత్రం మెంతికూర వచ్చింది.

పండుగ వచ్చే ఆదివారం. ఈసారి బల్ల మీదికి ఆ మెంతికూరే.

"గుమ్మడికాయ చోట మెంతికట్ట పెడితే వీరమ్మ ఏమంటుంది?"

"నవ్వుతది. నవ్వనీకే వస్తది చర్చికి."

అక్కడ నేను ఊరుకోవలసింది. దేశంలో సగం సంతలు తిరిగినవాణ్ని కదా, సలహా ఇచ్చాను. మిర్యాలగూడ మార్కెట్లో మంచి గుమ్మడికాయలున్నాయి, ఒకటి కొని తీసుకెళ్లు, కాయ మీద పెరడు పేరేం రాసుండదు అన్నాను.

ఆమె సంచి మూతి విప్పి, పిడికెడు ఎరువు తీసి నలిపి, వాసన చూసి, లోపల వేసి మళ్లీ కట్టింది.

"ఇది ఎవరి పంట అని పాస్టరు అడుగుతడు సారూ. నోరు తెరిచి చెప్పాల్సింది నేను."

మాట మార్చి సూర్యాపేట సంత కబుర్లు రెండు మొదలుపెట్టాను. రెండూ హుజూర్‌నగర్ బస్టాండు దగ్గరే ఆగిపోయాయి.

మిర్యాలగూడ బస్టాండులో కండక్టర్ చెయ్యి సాయం చేస్తే సంచి నెత్తికెత్తుకుంది. మెడ నిటారుగా పెట్టుకుని వేములపల్లి బస్సు వైపు నడిచిపోయింది.