కుమారన్న మెచ్చుకోలు

సత్రపట్టిలో బ్యాండేజీ గుడ్డ నేసే మా కంపెనీలో కరెంటు పోతే మగ్గాల చప్పుడు ఒక్కసారిగా ఆగిపోతుంది. మొన్న మధ్యాహ్నం అలా ఆగినప్పుడు బయట ఇనుప మెట్ల మీద అడుగులు వినిపించాయి. ఇద్దరు వస్తున్నారు, ఒకరు బూట్లు వేసుకున్నారు, రెండో మనిషి కాలు ఈడుస్తున్నాడు అని తల ఎత్తకుండానే అనుకున్నాను. తలుపు తెరుచుకున్నాక చూస్తే అంతే. అలా వినడం నాకు కుమారన్న నేర్పాడు. ఆయన గుర్తుకు రాగానే నోరు చేదెక్కింది.

రాజపాళయంలో కుమారన్న మా పక్కింటాయన. కింద ఫోన్లు బాగుచేసే షాపు, పైన ఒక గది. నలుగురు ఒక జట్టుగా మరో నలుగురిని కాల్చే ఫోన్ ఆటలో మా ఊళ్ళో ఆయనను మించినవాళ్ళు లేరు. నేను అప్పటికి ఆడిటర్ పరీక్ష మూడోసారి తప్పి ఇంట్లో కూర్చున్నాను. మావాళ్ళు నన్ను ఒక్క మాట అనలేదు. మెచ్చుకోవడానికి మాత్రం వాళ్ళకు నాలో ఏమీ దొరికేది కాదు. ఒకరోజు ఫోన్ బాగుచేయించుకోవడానికి వెళ్ళి, ఆయన ఆడుతుంటే చూసి, నాకూ నేర్పమని అడిగాను.

మొదటి వారమంతా తుపాకి ముట్టుకోనివ్వలేదు. కళ్ళు మూసుకుని అడుగుల చప్పుడు వినమన్నాడు. కాంక్రీటు మీద ఎలా ఉంటుంది, రేకు మీద ఎలా ఉంటుంది, ఎంతమంది, ఎటునుంచి. తప్పు చెబితే విసుక్కోకుండా మళ్ళీ వినిపించేవాడు. అంత ఓపికగా నాకు ఎవరూ ఏదీ నేర్పలేదు. తరువాత గోడచాటు నుంచి గోడచాటుకు పరుగెత్తడం, తలుపు తోసుకుని లోపలికి దూరడం నేర్పాడు. ఆడేటప్పుడు నేను పై గదిలో, ఆయన కింద షాపులో, మిగతా ఇద్దరు వాళ్ళ ఇళ్ళలో ఉండి హెడ్‌ఫోన్లలో మాట్లాడుకునేవాళ్ళం. "నువ్వు ముందు దూరు జానకీ. మేము వెనక ఉండాము" అనేవాడు. దూరేదాన్ని, చచ్చేదాన్ని. చచ్చిన ప్రతిసారీ "బాగా చేసినావు మ్మా" అనేవాడు. ఆ మాట కోసమే మర్నాడు మళ్ళీ వెళ్ళేదాన్ని.

శివకాశిలో జరిగిన పోటీకి నన్ను నాలుగో మనిషిగా తీసుకువెళ్ళాడు. మిగతా ఇద్దరు ఆయన స్నేహితులు, మిల్లులో పనిచేసేవాళ్ళు. గెలిచాము. ఫోటో తీసేటప్పుడు కప్పు నా చేతుల్లో పెట్టాడు. ఆ ఫోటోను అమ్మ హాల్లో తగిలించింది, వచ్చినవాళ్ళకల్లా చూపించేది.

రెండు వారాల తరువాత షాపుకు వెళితే ఆయన టీకి పోయి ఉన్నాడు. మేము ఆడిన ఆటలన్నీ ఆయన రికార్డు చేసేవాడు, నా తప్పులు చూపించడానికని చెప్పేవాడు. ఊరికే కూర్చోలేక కంప్యూటర్లో ఒకటి తెరిచాను. అందులో నేను విన్న మాటలు ఉన్నాయి, నాకు వినబడకుండా మైకు ఆపి ఆ ఇద్దరితో ఆయన అన్న మాటలూ ఉన్నాయి. "జానకిని పోనీండ్రా. ఆమెను ఎవడు కాలుస్తాడో చూసి వాణ్ణి కొడదాము, సెరియా?" ఒకడు నవ్వాడు. ఇంకో ఆట తెరిచాను. అదే మాట.

ఆయన రాగానే అడిగాను. దాచలేదు, తడబడలేదు కూడా.

"నీ చెయ్యి మెల్లగా పోతాది మ్మా. మెల్ల చెయ్యికి ఈ పనే ఉండాది. ఇంకెవరు నిన్ను జట్టులో చేర్చుకొనుందురు?"

"ఎరగా పెట్టుకున్నామని ఒక్క మాట చెప్పి ఉండొచ్చు కదన్నా."

"చెప్పినుంటే వచ్చుందువా?"

వచ్చి ఉండేదాన్నే. ఆ సంగతి ఆయనకు చెప్పడానికి మనసొప్పలేదు, లేచి వచ్చేశాను. మర్నాటి నుంచి ఆ మేడ ఎక్కలేదు. ఫోటో తీసేయమంటే అమ్మ ఎందుకని అడిగింది. చెప్పలేక అలాగే ఉంచాను, ఇప్పటికీ ఉంది. నా స్థానంలో కొన్నాళ్ళకు మరో అమ్మాయి వచ్చింది. వీధిలో ఎదురుపడినప్పుడల్లా ఆమెకు చెప్పాలనుకున్నాను. ఆమె ముఖంలో సంతోషం చూసి ఒక్కసారీ నోరు తెరవలేదు. అది జాలి అని అప్పుడు అనుకున్నాను. జాలి కాదు, మోసపోయినదాన్ని నేనొక్కదాన్నే కాకూడదని.

ఇప్పుడు కంపెనీ లెక్కల ఆఫీసులో నా కింద ముగ్గురు పనిచేస్తున్నారు. పని నేర్పడంలో నాకు మంచి పేరుంది. కుమారన్నలాగే విసుక్కోను, ఎన్నిసార్లయినా చెబుతాను. అందరికంటే నెమ్మదిగా చేసే తళవాయిపురం అమ్మాయి పోయిన నెల నా బల్ల దగ్గర నిలబడి, "అక్కా, నాలుగు నెలలాయె. నా పని ఎట్లుండాదని ఒక్క నాడూ చెప్పలేదు మీరు" అంది. పని బాగుంది. నిజంగానే బాగుంది. ఆ మాట అందామంటే "బాగా చేసినావు మ్మా" అనే కుమారన్న గొంతే వినిపించింది. ఆమె తెచ్చిన కాగితాలు తీసుకుని, మూడో పేజీలో ఉన్న తప్పు చూపించాను.