రాజక్క చెప్పిన చేపకన్నె

నిన్న సాయంత్రం నాలుగు గంటల ఇరవై నిమిషాలకు పక్కింటి పాప బడి నుంచి వచ్చి, వాళ్లమ్మ వదిలి వెళ్లిన తాళంచెవి కోసం మా ఇంటికి వచ్చింది. మంచినీళ్లు తాగుతూ తన పెన్సిళ్ల సంచిని నా ముందు బల్ల మీద పెట్టింది. సంచి నిండా చమ్కీలు. పైకి నిమిరితే ఆకుపచ్చ, కిందికి నిమిరితే ఊదా. వేళ్ల కింద పొలుసుల్లాగా గరగరలాడాయి. అటూ ఇటూ నిమిరి, నాకు తెలియకుండానే, "అబ్బ, చేపకన్నె తీరుగున్నదే!" అన్నాను. పాప నీళ్లు తాగడం ఆపి, "అంటె ఏంది ఆంటీ?" అంది. మత్స్యకన్య అని చెప్పాను. సగం మనిషి, సగం చేప అని చెప్పాను. "అది తెల్సు. సంచి ఎట్ల చేపకన్నె అయితది?" అంది. నేను జవాబు వెతుక్కునే లోపు తాళంచెవి తీసుకుని వెళ్లిపోయింది.

ఆ జవాబు ఇక్కడ రాస్తున్నాను. ఆ మాట నాది కాదు, కోరుట్లలో మా పక్కింటి రాజవ్వది. వయసులో నాకంటే బాగా పెద్దది కాబట్టి నేను రాజక్క అనేదాన్ని. పోయిన కార్తీకంలో ఆమె చనిపోయింది.

నేను సిరిసిల్ల పిల్లను. మా నాన్నకు నాలుగు సాంచాలు ఉండేవి. మరమగ్గాలను మా ఊళ్లో అలాగే అంటారు. ఇంటర్ చదివి కోరుట్లకు కోడలిగా వచ్చాను. పెళ్లయిన నెల తిరక్కుండానే మా ఆయన మస్కట్ వెళ్లిపోయాడు. ఆ నెలలో మేమిద్దరం ఒకరితో ఒకరం మాట్లాడుకున్న మాటలు తక్కువ. ఇంటి నిండా చుట్టాలు, చుట్టాలు పోయాక ఆయనకు వీసా పనులు. ఆయన ముఖం నాకు ఎంత గుర్తుందో కూడా చెప్పలేను. గొంతు మాత్రం గుర్తుంది.

మా వాడలో మగవాళ్లలో సగం మంది అప్పటికే గల్ఫ్‌లో ఉన్నారు. ఆడవాళ్లు బీడీలు చుట్టేవాళ్లు. మధ్యాహ్నం వంట పనులు అయ్యాక తలా ఒక చాట పట్టుకుని రాజక్క అరుగు మీదికి చేరేవాళ్లు. ఒళ్లో చాట, చాటలో తునికాకూ తంబాకూ, చేతిలో కత్తెర. రాజక్క భర్త లింగన్న అంతకుముందు తాళ్లు, అంటే తాటిచెట్లు, గీసేవాడు. కల్లు మీద బతుకు వెళ్లక ఆయన కూడా మస్కట్ వెళ్లాడు. ఒకసారి ఆయన పంపిన సామానులో పెద్ద తువ్వాలు ఒకటి వచ్చింది. దాని మీద నీలం నీళ్లు, నీళ్లలో జుట్టు విరబోసుకున్న ఆడమనిషి, నడుము కింద చేప తోక. రాజక్క దాన్ని దండెం మీద వేసి అందరినీ పిలిచింది.

"ఏందే ఇది? కాళ్లేవి?" అంది మా అత్తమ్మ.

"కాళ్లు లేవు వదినే. చేపకన్నె."

"కాళ్లు లేకుంటే నాట్లెట్లేస్తది? నీళ్లెట్ల మోస్తది?"

"నాట్లెయ్యది, నీళ్లు మొయ్యది, బీడీలు చుట్టుడు సుత రాదు."

"మరి ఎందుకు పనికొస్తదే?"

"ఎందుకూ పనికి రాదు. సూడబుద్ధయితది. గంతే," అంది రాజక్క.

అందరూ పగలబడి నవ్వారు. ఆ రోజు నుంచి మా అరుగు మీద ఆ మాట నిలిచిపోయింది. ఎండలో వాన పడితే చేపకన్నె వాన. తునికాకు కట్టలో ఒక ఆకు ఎర్రగా, నరాలు బంగారంలా మెరుస్తూ వస్తే చేపకన్నె ఆకు. దాన్ని కత్తిరించడానికి మనసొప్పక పక్కన పెట్టేవాళ్లం, రెండు రోజుల్లో అది ఎండి పొడి అయ్యేది. వేళ కాని వేళ కూసే మా కోడిపుంజుది చేపకన్నె కూత. రాజక్క ఆ మాటను దేనికి పడితే దానికి వాడనిచ్చేది కాదు. ఒకామె దుబాయ్ నుంచి వచ్చిన గొలుసు వేసుకుని వచ్చి, "సూడక్కా, చేపకన్నెగున్నదా?" అని అడిగింది. రాజక్క చూసి, "మంచిగున్నది. గాని చేపకన్నె కాదు. రేపు అక్కెరకొస్తది గది," అంది. అక్కరకు వచ్చేదేదీ చేపకన్నె కాదు. అదీ నియమం.

గల్ఫ్‌కు అప్పట్లో మాటలు టేపులో వెళ్లేవి. ఉత్తరం రాయడం వచ్చినవాళ్లు తక్కువ, రాసినా దాన్ని ఎవరితోనో చదివించుకోవాలి. క్యాసెట్‌లో మాట్లాడి, సెలవు అయిపోయి తిరిగి వెళ్లేవాళ్ల చేతికి ఇచ్చేవాళ్లు. దాన్ని టేపు నింపడం అనేవాళ్లు. వాడలో టేప్‌రికార్డర్ రాజక్కకే ఉండేది కాబట్టి అందరూ ఆమె ఇంట్లోనే నింపేవాళ్లు. ఆమె రెండు మీటలు కలిపి నొక్కి, వేలు ఎత్తితే మాట్లాడాలి. అక్కడా నియమాలు ఉండేవి. చావు కబురు టేపులో చెప్పొద్దు, "ఆడ ఓదార్చెటోళ్లుండరు." ఏడవొద్దు. ఎవరి గొంతైనా వణికితే రాజక్క మీట నొక్కి ఆపేసి, "పోయి మొఖం కడుక్కొని రా. టేపు నానుతది," అనేది.

మా ఇంటి టేపు నింపేటప్పుడు మా అత్తమ్మ ముందు మాట్లాడేది. వాన, బర్రె, పసుపు చేను, చుట్టాల పెళ్లిళ్లు అన్నీ అయ్యాక నా వైపు తిరిగి, "నువ్వు సుత మాట్లాడు పిల్లా," అనేది. పక్కనే కూర్చుని నా నోటి వైపు చూసేది. భర్తను పేరు పెట్టి పిలవకూడదు. మరేమని మొదలుపెట్టాలి? "నేను మంచిగున్న. మీరు పైలం," అని జాగ్రత్త చెప్పేదాన్ని. ప్రతి టేపులో అవే మాటలు.

ఒకసారి ఆయన దగ్గర నుంచి వచ్చిన టేపును అందరం కూర్చుని విన్నాం. చివర్లో ఆయన వాళ్లమ్మతో అన్నాడు: "అవ్వా, కంపెనోళ్లు ఇంకో రెండేండ్లకు సంతకం పెట్టుమంటున్నరు. ఉందామనే అనుకుంటున్న. ఇంట్ల నాతోటి ఎవ్వలకు అక్కెర పడ్తలేదు గదా. ఆమె సుత ఏం మాట్లాడది. మంచిదే." మా అత్తమ్మకు రెండేళ్లు అన్నది మాత్రమే వినిపించింది. నాకు "మంచిదే" అన్నది వినిపించింది. నాకు ఆయన ఇష్టం లేదనుకున్నాడు. ఈ టేపుకు జవాబు వెళ్లాక సంతకం పెడతాడు. అప్పుడు ఇంకో రెండేళ్లు ఇద్దరం ముక్కూ మొహం తెలియనివాళ్లలాగే ఉండిపోతాం. నేను చాట ముందు పెట్టుకుని కూర్చున్నాను గాని ఒక్క బీడీ కూడా సరిగా చుట్టలేకపోయాను. రాజక్క నన్ను చూసింది.

జవాబు నింపే రోజు అత్తమ్మ ఒక వైపు పూర్తిగా మాట్లాడింది. రాజక్క క్యాసెట్ తిప్పబోయి, టేప్‌రికార్డర్ మీద చెయ్యి పెట్టి, "అవ్వో, మిషిన్ కాలిపోతాంది! సల్లారాలె వదినే. నువ్వు పోయి బర్రెను సూసుకో. మళ్ల పిలుస్త," అంది. అత్తమ్మ కూడా చెయ్యి పెట్టి చూసి, "అవునే, పొయ్యి తీరుగున్నది," అని వెళ్లిపోయింది. మిషన్ చల్లగానే ఉంది. నేనూ ముట్టుకుని చూశాను.

"ఇగ మాట్లాడు," అంది రాజక్క.

"ఏం మాట్లాడాలక్కా?"

"నాకేం ఎరుక? నీ మొగడు."

"నాకు రాదు."

ఆమె కొంచెం ఆలోచించింది. "సరే, మొగనితోటి మాట్లాడకు. నువ్వు సూసిన చేపకన్నె ముచ్చట ఒకటి చెప్పు. సూసింది చెప్పు, సూడంది చెప్పకు." మీటలు నొక్కి, బయటికి వెళ్లి, చాట ఒళ్లో పెట్టుకుని గడపలో కూర్చుంది.

చేపకన్నె అని రాజక్క దేన్ని అంటుందో ముందు చెప్పి, నేను సిరిసిల్ల గురించి చెప్పాను. అక్కడ పగలంతా సాంచాల చప్పుడే, మాట వినిపించదు, అందుకే మేమందరం గట్టిగా మాట్లాడతాం. కరెంటు పోతే మాత్రం ఊరంతా ఒక్కసారి ఆగుతుంది. ఆ ఆగిన క్షణంలో ఎక్కడో ఒక పిచ్చుక అరుస్తుంది. అది పొద్దంతా అరుస్తూనే ఉండి ఉంటుంది, మనకు అప్పుడే వినిపిస్తుంది. చిన్నప్పుడు నేను కరెంటు పోవాలని కోరుకునేదాన్ని. నాన్నకు పని ఆగిపోతుందని తెలిసి కూడా. మీ గొంతు కూడా నాకు అట్లనే గుర్తుంది, అందరూ ఒక్కసారి చప్పుడు ఆపితే వినాలని ఉంది అన్నాను. ఆ మాట ఎలా అన్నానో నాకు ఇప్పటికీ తెలియదు.

అంతలో గడపలోంచి రాజక్క కేక వేసింది: "సుగుణా! మీ అత్త వస్తాంది! బర్రె ముచ్చట తియ్యి!"

నేను ఉలిక్కిపడి, "బర్రె మంచిగ మేస్తాంది," అన్నాను.

అత్తమ్మ లోపలికి వస్తూనే, "యాడ మేస్తాందే? పొద్దటిసంది గడ్డి ముట్టలే!" అంది.

అప్పుడు గాని రాజక్కకు టేపు తిరుగుతూనే ఉన్నదని గుర్తు రాలేదు. అన్నీ అందులో పడ్డాయి. చెరపడానికి సమయం లేదు. మస్కట్ వెళ్లే మనిషి బస్సు కోసం సంచి భుజాన వేసుకుని వాకిట్లో నిలబడి ఉన్నాడు. టేపు వెళ్లిపోయింది.

జవాబు వచ్చేదాకా నాకు అన్నం సహించలేదు. వచ్చిన రోజు అరుగు నిండా జనం. మీట నొక్కగానే మొదట పది మంది మగవాళ్ల నవ్వు వినిపించింది. ఆ తరువాత ఆయన గొంతు.

"అవ్వా, బర్రె ఎట్లున్నది? గడ్డి ముడుతాందా? సుగుణను బర్రె ముచ్చట ఇంకింత చెప్పుమను. మా రూముల అందరికి బర్రె ముచ్చట కావాల్నట."

నా పేరు ఆయన నోట అదే మొదటిసారి వినడం. మా అత్తమ్మ ఆశ్చర్యపోయింది. "వీనికేమైందే! ఈడున్నప్పుడు బర్రె దిక్కు సుత సూడకపోతుండె." రాజక్క ముఖం చాటలో పెట్టుకుని భుజాలు కదిలేలా నవ్వుతోంది.

ఆయన ఇంకా చెప్పాడు. గదిలో మెట్‌పల్లి తమ్ముడొకడు ఉన్నాడట. పని దగ్గర సిమెంటు బస్తా మీద పేరు తెలియని పిట్ట ఒకటి వచ్చి వాలిందట. అది ఎగిరిపోయేదాకా ఆ తమ్ముడు పని ఆపి నిలబడ్డాడట, మేస్త్రీ తిట్టాడట. "గది చేపకన్నెనా కాదా అని రూముల పంచాతి అయితాంది. రాజక్కను అడిగి చెప్పుండ్రి." రాజక్క అప్పటికప్పుడు తీర్పు చెప్పింది: "తిట్లు పడ్డడు గదా. చేపకన్నెనే." టేపు చివర ఆయన గొంతు తగ్గించి అన్నాడు: "సంతకం పెట్టలే. ఎండకాలం వస్త."

ఆ ఎండాకాలానికి ముందే సిరిసిల్లలో మా నాన్న సాంచాలు ఆగిపోయాయి. నూలు ఇచ్చేవాళ్లు లేరు, గుడ్డ అడిగేవాళ్లు లేరు. మా ఇంటి వెనక వీధిలో ఇద్దరు నేతగాళ్లు ప్రాణాలు తీసుకున్నారు. నాన్న మహారాష్ట్రలోని భివండీ వెళ్లి అక్కడ ఇంకొకరి సాంచాల మీద పనిచేయడానికి సిద్ధమయ్యాడు. అమ్మానాన్నలను సాగనంపడానికి నాతో పాటు రాజక్క కూడా వచ్చింది. ఇంట్లో చప్పుడు లేదు. అమ్మ మూటలు కడుతోంది. నాన్న గోడకు ఆనుకుని కూర్చుని ఎవరితోనూ మాట్లాడటం లేదు. రాజక్క వెళ్లి ఆయన ఎదురుగా కూర్చుంది.

"అన్నా, నువ్వు గింత గుడ్డ నేసినవు గదా. నీకు నచ్చినదేదన్న నేసినవా?"

నాన్న చెప్పాడు. చేతిమగ్గం ఉన్న రోజుల్లో నీలం నూలు నిలువునా, పచ్చ నూలు అడ్డంగా వేసి ఒక చీర నేశాడట. కదిలితే రంగు మారేదట.

"ఎవలు కొన్నరు?"

"ఎవ్వలు కొనలే. గీమెనే కట్టుకున్నది."

"కట్టుకోక ఏం చేస్త? గది కట్టుకుంటె అందరు నన్నే సూసిండ్రు," అని అమ్మ మూట దగ్గర నుంచి అంది. నాన్న ఆమె వైపు చూసి నవ్వాడు. భివండీ బస్సు ఎక్కే దాకా ఆ నవ్వు ఎంతో కొంత ఆయన ముఖం మీద ఉంది. తిరిగి వస్తుంటే వేములవాడ దాటాక రాజక్క, "ఆ చీర నేను సూడాల్సుండె," అంది.

మా ఆయన చెప్పినట్టే వచ్చాడు. వచ్చిన రోజు సాయంత్రం పెరట్లో బావి దగ్గర ఇద్దరం కాసేపు నిలబడ్డాం. ఆయన పెరడంతా చుట్టూ చూశాడు. చివరికి, "ఏదీ, బర్రె?" అన్నాడు. నేను నవ్వు ఆపుకోలేకపోయాను. ఆయన మళ్లీ వెళ్లలేదు. జగిత్యాలలో విద్యుత్ సామాన్ల దుకాణంలో కుదిరాడు, ఇద్దరం అక్కడికే మారాం. నేను ఆగిన చదువు కొనసాగించి గ్రంథాలయంలో ఉద్యోగం తెచ్చుకున్నాను.

లింగన్న కూడా ఆ తరువాత తిరిగి వచ్చాడు, పరంజా మీద నుంచి పడి, మోకాలు పోయి. తాడెక్కలేడు, బరువు ఎత్తలేడు. పొద్దున అరుగు మీద కూర్చుంటే సాయంత్రం దాకా అక్కడే. నేను కోరుట్ల వెళ్లినప్పుడు ఒకామె అతన్ని చూసి, గొంతు తగ్గించకుండానే, "పాపం, ఇగ ఏ పనికీ రాడు," అంది. లింగన్న తల దించుకున్నాడు. రాజక్క చేతిలో కత్తెర ఆగలేదు. ఆకు కత్తిరిస్తూనే అంది: "రాకుంటె రాకపాయె. నాది చేపకన్నె మొగడు. ఇన్నేండ్లు సూసుడే లేకపాయె, ఇప్పుడు పొద్దంత సూస్త." లింగన్న తలెత్తి, "సూసింది సాలు గని, ఆకు కొయ్యి," అన్నాడు. ఇద్దరూ నవ్వారు. నేను చాలా పుస్తకాలు చదివాను. భార్య భర్తతో అన్న మాటల్లో అంతకంటే మంచిది నాకు కనబడలేదు.

నాకు రాజక్క నుంచి మిగిలింది చెప్పడం కష్టం కాదు. చూసింది చెప్పడం, చూడనిది చెప్పకపోవడం. రోజూ అన్నం తినేటప్పుడు మా ఆయనా నేనూ ఆ రోజు చూసినదేదో ఒకటి ఒకరికొకరం చెప్పుకుంటాం. నిన్న నేను పాప సంచి మీది చమ్కీల గురించి చెప్పాను. ఆయన దుకాణం ముందు ఆగిన ట్రాక్టర్ నిండా బంతిపూల గురించి చెప్పాడు. "పూలు అమ్ముతరు గదా, లెక్కకు రాదు," అన్నాను. "పండుగ ఎప్పుడో అయిపోయింది, ఎవలు కొంటరు?" అన్నాడు. సరే, లెక్కకు వచ్చింది.

రాజక్క దినాలకు కోరుట్ల వెళ్లాం. ఆ వాడలో ఇప్పటికీ సగం మంది మగవాళ్లు బయటి దేశాల్లోనే ఉన్నారు. ఎదురింట్లో కొత్తగా వచ్చిన కోడలు ఉంది. భర్త దోహాలో ఉన్నాడు, రోజూ ఫోన్‌లో ముఖం కనిపిస్తుంది. వాకిట్లో ఫోన్ అత్త చేతి నుంచి మామ చేతికి, మామ నుంచి ఆడబిడ్డకు వెళ్లింది. చివరికి ఆ పిల్ల దగ్గరికి వచ్చింది. అందరూ ఆమె వైపు చూశారు. "మంచిగున్న. తిన్నవా?" అని ఫోన్ తిరిగి ఇచ్చేసింది. కోరుట్లలో ఇప్పుడు ఎవరూ టేపులు నింపరు. ఒక పిల్ల మాట్లాడుకోవడం కోసం ఇంకొకరు గడపలో కాపలా కూర్చోవడం కూడా లేదు.