ఎఫ్ వరుస తొమ్మిదో సీటు

పందొమ్మిదేళ్ళు సినిమాహాల్లో పనిచేసి ఒక్క సినిమా కూడా పూర్తిగా చూడని మనిషి ఉంటాడంటే మీరు నమ్మరు. నేనా హాల్లో ఆపరేటర్ని. పైన నా గదికున్న చిన్న కిటికీలోంచి రోజూ కళ్ళారా చూసినవాణ్ణి, కాబట్టి నమ్మక తప్పదు. తెర మీద ఎవరు ఏడుస్తున్నా, ఎవరు ఎగిరి తంతున్నా, టార్చి వేసి సీట్లు చూపించే మా టార్చి ఆయన మాత్రం తెరకి వీపు పెట్టి, పక్కగోడకి చేరగిలబడి, జనం ముఖాలు చూస్తూ నిలబడేవాడు.

"ఏంటన్నా, ఆ ముఖాల్లో ఏముంది?" అని ఓసారి అడిగాను.

"కథ వాళ్ళ ముఖాల మీదే తెలుస్తుంది, ఆపరేటర్ గారూ. తెర చూస్తే మెడ నొప్పి," అన్నాడు.

నాకంటే పదేళ్ళు పెద్ద. నేను అన్నా అంటే తను తమ్ముడూ అనాలి, అది వరస. ఎంతకీ అనడు. "గారూ" తగిలించి దూరంగా కూర్చోబెడతాడు. నాకు ముక్కు మీదే కోపం. ఈయనగారికి నేను తమ్ముడిగా కూడా పనికిరానా అని కొన్నాళ్ళు మాట్లాడ్డం మానేశాను కూడా. ఆయనకి ఆ సంగతి తెలిసిందో లేదో మరి. మాట్లాడకపోవడం ఆయనకి లోటుగా తోచే విషయం కాదు.

ఉండేది హాలు వెనక మెట్ల కింద గదిలో. ఒక మంచం, ఒక స్టవ్వు, ఒకే కుర్చీ. నేను వెళితే ఆయన నిలబడేవాడు, లేకపోతే నేను నిలబడేవాణ్ణి. రెండో కుర్చీ తెచ్చుకోవచ్చుగా అంటే, ఎవరొస్తారని అనేవాడు. వచ్చినవాణ్ణి ఎదురుగా పెట్టుకుని ఆ మాట అన్నందుకు నాకు ఒళ్ళు మండేది. ఇప్పుడు తలుచుకుంటే ఏడుపొస్తుంది.

ఆ ఏడాది ఒక సినిమా వచ్చింది. కథ మీకు తెలిసిన బాపతే. రొట్టెల కొట్టు పెట్టుకుని భార్యా కూతురితో బుద్ధిగా బతుకుతున్న ఒక మెతక మనిషి. పాత రోజుల్లో వీడు పెద్ద హంతకుడు. ఆ సంగతి ఇంట్లో తెలీదు. పాత పగవాళ్ళు వెతుక్కుంటూ వస్తారు. ఇంటర్వెల్‌కి కాస్త ముందు వంటింట్లో భార్య వాణ్ణి నిలదీస్తుంది, "నువ్వెవరు?" అని. వాడు మొత్తం చెప్పేస్తాడు. ఆవిడ వాణ్ణి గుమ్మం బయటికి నెట్టి తలుపు వేసుకుంటుంది. ఇంటర్వెల్ తర్వాత ఇక నరుకుడే నరుకుడు. గొడ్డలి, రంపం, రొట్టెలు కోసే కత్తి, చేతికి ఏది దొరికితే అది. నేలంతా నెత్తురు. చివర్లో భార్య పరిగెత్తుకొచ్చి వాణ్ణి కావలించుకుంటుంది.

జనం విరగబడ్డారు. మొదటివారం హాలు దద్దరిల్లింది. తల తెగితే ఈల, చెయ్యి తెగితే చప్పట్లు. ముందు వరుసల్లో ఒకాయన రోజూ వచ్చేవాడు, ఒక్కో చావుకీ లేచి దణ్ణం పెట్టేవాడు.

సినిమా తీసినవాళ్ళకి ఇదంతా కావాలట. ఎక్కడ చప్పట్లు కొడుతున్నారు, ఎక్కడ ఫోన్లు తీస్తున్నారు, ఎక్కడ లేచి బయటికి పోతున్నారు, ఆటవారీగా రాసి పంపమన్నారు. మా ఓనరు ఆలోచించకుండా టార్చి ఆయనకి ఒక పొడుగు నోటుపుస్తకం ఇచ్చేశాడు. వారానికోసారి, గురువారం, ఆ పేజీల ఫొటోలు తీసి పంపే పని నాది.

మొదటివారం పేజీలు బాగానే ఉన్నాయి. "ఇరవయ్యో నిమిషం, నవ్వు. ముప్పై అయిదు, బాల్కనీలో చంటిపిల్ల ఏడుపు, తల్లి బయటికి." ముత్యాల్లాంటి అక్షరాలు.

ఇక్కడ బుకింగ్ అక్క గురించి చెప్పాలి. పదకొండేళ్ళుగా టికెట్ల కిటికీలో కూర్చునే మనిషి. నాతో సహా అందరికీ అక్కే, తను మాత్రం నన్ను అన్నయ్యా అనేది. భర్త పోయి చాలాకాలమైంది, పిల్లలు లేరు. ఆమె కూడా సినిమా చూసేది కాదు. ఆట మొదలయ్యాక వచ్చేవాళ్ళకి టికెట్లివ్వాలి, ఇంటర్వెల్‌కి పది నిమిషాల ముందు తర్వాతి ఆటకి కౌంటర్ తెరవాలి. నోరు పెద్దది, మనసు అంతకంటే పెద్దది. ఫ్లాస్కులో టీ తెచ్చి టార్చి ఆయనకి మూత నిండా పోసేది. కప్పు నాకిచ్చేది కాదు, చూశారా. మూతే ఆయనది, కప్పు తనది, నాకు ఏమీ లేదు.

ఆ నెల్లోనే వాళ్ళింట్లో ముందుగది ఖాళీ అయింది. ఒకరోజు టీ పోస్తూ నా ఎదురుగానే ఆయనతో అంది. "ఆ మెట్ల కింద ఎంతకాలం ఉంటారు? నా ముందుగదిలోకి వచ్చెయ్యండి. ఇద్దరు మనుషులకి రెండు పొయ్యిలెందుకు? ఎవరేమనుకుంటారో అంటారా, అనుకునేవాళ్ళు వచ్చి అంట్లు తోమరుగా. నెలాఖరులోపు చెప్పండి, ఎవరో నర్సు అడుగుతోంది."

ఆయన ముఖం చూడాలి మీరు. మర్నాడు పొద్దున, హాలు తెరవకముందే నా గదికి మెట్లెక్కి వచ్చాడు. అన్నేళ్ళలో రావడం అదే మొదటిసారి.

"మీతో ఒక మాట చెప్పాలి," అన్నాడు. చెప్పాడు.

ఆయనా, ఆయన తమ్ముడూ కలిసి షెడ్లకి రేకులు బిగించే పని చేసేవాళ్ళట. ఒక మధ్యాహ్నం నిచ్చెన ఎవరు ఎక్కాలని మాటా మాటా పెరిగింది. ఈయన చేతిలో రెంచి ఉంది. "ఒక్క దెబ్బ. సినిమాలో పది దెబ్బలు తిని లేచి డైలాగు చెబుతారు. మావాడు ఒక్కదానికే లేవలేదు." తొమ్మిదేళ్ళు జైల్లో ఉన్నాడు. తల్లి ఒక్కసారి కూడా చూడ్డానికి రాలేదు. విడుదలయ్యాక ఇంటికి వెళ్ళడానికి ముఖం చెల్లక రైలెక్కి ఎక్కడో దిగి, మా హాలు ముందు మనిషి కావాలనే బోర్డు చూసి లోపలికి వచ్చాడు.

"అక్కకి చెప్పకుండా ఆ గడప తొక్కలేను. చెబితే తొక్కనిస్తుందా? మీరేమంటారు?"

నేను బెదిరిపోయాను. ఆ నిజం ఒప్పుకుంటే సరిపోయేది. కాని నాకు బెదురొస్తే వెటకారం వస్తుంది. "నన్నడుగుతావేంటన్నా? రోజుకి మూడాటలు ఆ వంటింటి సీనే నడుస్తోంది. ఇంతమంది జనం ముఖాలు చదువుతావు, వాళ్ళనే అడుగు," అన్నాను. నోరు జారడమంటే అదే. నేను నవ్వాను, ఆయన నవ్వలేదు. తలూపి దిగి వెళ్ళిపోయాడు.

రెండోవారం పేజీలు చూసి నాకు మతిపోయింది. నవ్వులూ లేవు, ఈలలూ లేవు. నరుకుళ్ళ ఊసే లేదు. అంతా ఆ ఒక్క సీనే. పేజీ మధ్యలో గీత కొట్టి ఒకవైపు "ఉండనిచ్చేవాళ్ళు", రెండోవైపు "గెంటేసేవాళ్ళు" అని రాశాడు. "మ్యాట్నీ. కాలేజీ పిల్లలు, పాపంరా అన్నారు. ఉండనిచ్చేవాళ్ళు." "ఫస్ట్ షో. కళ్ళద్దాల పెద్దాయన, ఇన్నేళ్ళూ పక్కన పడుకుని చెప్పలేదు చూడు అన్నాడు. గెంటేసేవాళ్ళు." "బాల్కనీ నుంచి ఎవరో, తలుపెయ్యమ్మా తలుపెయ్యి అని అరిచారు. అందరూ నవ్వారు. నవ్వు ఎటు వెయ్యాలో తెలియలేదు."

కింద ఇంకో మాట ఉంది. "ముప్పైమందిని చంపినవాడికి చప్పట్లు. ఒక్కణ్ణి చంపి నిజం చెబితే ఏం చేస్తారో వీళ్ళు చెప్పట్లేదు."

ఆ పేజీలు నేను పంపలేదు. మొదటివారం పేజీలే తేదీలు మార్చి పంపాను. అయినా ఆయన్ని పిలిచి కూర్చోబెట్టి, అన్నా ఇది కాదు పద్ధతి, నేనన్నది వేళాకోళం, అని చెప్పానా? లేదు. ఏదో బుద్ధి మళ్ళించుకుంటున్నాడులే అని ఊరుకున్నాను.

మూడోవారం ఆయనకి ఇంకో ఆలోచన పుట్టింది. మగవాళ్ళు అరుస్తున్నారు గాని ఆడవాళ్ళు ఆ సీన్లో నోరు మెదపట్లేదట, వాళ్ళ మనసు అందట్లేదట. శనివారం నా దగ్గరికి వచ్చి, "ఈ మ్యాట్నీ మీరు కౌంటర్లో కూర్చోండి. అక్క ఒక్కసారి సినిమా చూడాలి," అన్నాడు. నాకేం, ఇప్పుడంతా కంప్యూటరే, మీట నొక్కితే అదే నడుస్తుంది. సరేనన్నాను. అక్క మొదట గునిసింది. "పదకొండేళ్ళు అమ్మినదాన్ని, ఒకటి చూస్తే అరిగిపోతానా" అని తనే వెళ్ళి కూర్చుంది. ఎఫ్ వరుస, తొమ్మిదో సీటు.

నేను కౌంటర్లో అవస్థపడుతున్నాను. ఏ అరలో ఏముందో తెలీదు, చిల్లర ఎక్కడో తెలీదు. ఇంటర్వెల్‌కి ఇంకో పది నిమిషాలుందనగా తలుపు తోసుకుని అక్క వచ్చేసింది.

"జరుగు అన్నయ్యా, టైమైంది. నీకు ఫస్ట్ షో సీట్ల చార్టు తియ్యడం రాదు."

"సినిమా?"

"చూశాలే. అంతా రొట్టెల గోల. ఆ వంటింట్లో ఇద్దరూ ఏదో మాట్లాడుకుంటున్నారు, గడియారం చూస్తే కౌంటర్ టైము. ఇక కాళ్ళు ఆగుతాయా?"

ఆదివారం ఆయన ఆమెకి చెప్పేశాడు, తనకి ఒంటరిగా ఉండడమే అలవాటైపోయిందనీ, గది వద్దనీ. అక్క నాతో, "మీ అన్నకి నా ఇల్లు ఆనలేదట," అంది. ముఖం తిప్పుకుని టికెట్ల కట్ట సర్దుకుంది. ఆరోజు ఫ్లాస్కు తెరవలేదు. ఇద్దరి మధ్యా ఏం జరిగిందో నాకు అర్థం కాలేదు. భయపడి చెప్పలేకపోయాడనే అనుకున్నాను.

గురువారం మ్యాట్నీకి ముందు ఫొటోలు తియ్యడానికి పుస్తకం తెరిచాను. శనివారం పేజీ మధ్యలో గీత లేదు, రెండు వైపులూ లేవు. పేజీ మొత్తం మీద ఒకే ఒక్క ముక్క. "ఎఫ్ తొమ్మిది. వాడు నోరు విప్పగానే లేచి వెళ్ళిపోయింది."

పుస్తకం పట్టుకుని మెట్లు ఎలా దిగానో నాకే తెలీదు. ఆయన గేటు దగ్గర టార్చిలో బ్యాటరీలు మారుస్తున్నాడు. "అన్నా, ఆవిడ లేచింది కౌంటర్ కోసం! ఏ సినిమాకైనా ఆ టైముకి కౌంటర్ తెరుస్తుందా లేదా? పందొమ్మిదేళ్ళు జనం ఎందుకు లేస్తారో చూసినవాడివి, ఇది తెలీలేదా నీకు?" అని అరిచాను.

ఆయన చెయ్యి పట్టుకుని కౌంటర్ గదిలోకి లాక్కెళ్ళాను. అక్క అప్పుడే కూర్చుంటోంది. కిటికీ ఇంకా తియ్యలేదు, బయట వరుస కట్టిన జనం గోల వినిపిస్తోంది.

"చెప్పన్నా," అన్నాను.

నిలబడే చెప్పాడు. రేకులు, నిచ్చెన, రెంచి, తమ్ముడు, తొమ్మిదేళ్ళు. తల ఎత్తలేదు. అంతమంది ముఖాలు చదివిన మనిషి ఆ ఒక్క ముఖం వైపు చూడలేకపోయాడు.

అక్క చేతులు రెండూ బల్ల మీద పెట్టుకుంది.

"నాకు భయమేస్తోంది," అంది. "వెయ్యట్లేదని అబద్ధం ఎందుకు చెప్పాలి? అందుకని వద్దన్నారా గది?"

"మీరు సినిమాలో లేచి వెళ్ళిపోతే... మీ మనసు తెలిసిందనుకున్నాను."

ఆమెకి అర్థం కాలేదు. నేను పుస్తకం చేతికిచ్చాను. పేజీలు తిప్పింది. కాలేజీ పిల్లలు, కళ్ళద్దాల పెద్దాయన, బాల్కనీలో అరిచినవాడు, ఉండనిచ్చేవాళ్ళు, గెంటేసేవాళ్ళు. ఒక్కొక్కటే వేలు పెట్టి చదివింది. ఆఖరి పేజీలో తన సీటు నెంబరు చూసుకుంది.

"గది నిన్న ఆ నర్సుకి మాటిచ్చేశాను. వాళ్ళమ్మని తీసుకుని రేపు దిగుతోంది," అంది.

"మంచిపని చేశారు," అన్నాడు ఆయన.

"ఏం మంచి?" అంది అక్క. "ఏమనేదాన్నో నాకే తెలీదు. రమ్మనేదాన్నేమో, వద్దనేదాన్నేమో. ముందు ఆపరేటర్ అన్నయ్యకి చెప్పారు. ఊళ్ళో వాళ్ళందరి ముఖాలూ చూసి రాసుకున్నారు. వాళ్ళెవరండీ? వాళ్ళకి నేను టికెట్లిచ్చాను, అంతే. నన్ను నోరు తెరిచి అడిగితే ఏమయ్యేది?"

బెల్లు మోగింది. "తలుపులు తియ్యాలి," అని గొణిగి వెళ్ళిపోయాడు. నేను ఆయన వెనకే పోవాలో, అక్క దగ్గర ఉండాలో తెలియక మధ్యలో నిలబడ్డాను.

అక్క కళ్ళు తుడుచుకుంది. పుస్తకం మూసి నా చేతిలో పెట్టింది.

"ఎంతమందిని అడిగినట్టు అన్నయ్యా, ఇందులో?"

"మూడు వేల పైనే."

"నన్నొక్కదాన్ని వదిలేసి," అంది. కిటికీ తలుపు పైకి లేపి, ముందున్న మనిషిని ఎన్ని టికెట్లని అడిగింది.