పైదే నొక్కమని రాశాను

నేను చాలాకాలం ఏమీ రాయలేకపోవడానికి బడి లేకపోవడం ఒక్కటే కారణం కాదు. ఒక అబద్ధం కూడా ఉంది. మా నాన్న సున్నపురాయి క్వారీల్లో పనికి మమ్మల్నందర్నీ వెంటేసుకుని తిరిగేవాడు. ఒకచోట బడిలో వేస్తే అచ్చులు పూర్తయ్యేలోపు ఇంకో క్వారీకి మారేవాళ్లం. అక్కడ మళ్లీ మొదటినుంచి అ, ఆ. మూడోచోట అమ్మకు పురుడు వచ్చింది. ఇక నా బడి మాట ఎవరూ ఎత్తలేదు. పెళ్లిచూపుల్లో మాత్రం మా మేనమామ "అమ్మాయి ఐదో తరగతి చదివిందండీ" అన్నాడు. నేను తల వంచుకుని కూర్చున్నాను. అందరూ దాన్ని సిగ్గనుకున్నారు.

ఆ ఐదో తరగతి నన్ను చాలా ఏళ్లు కదలనివ్వలేదు. తొంభైల్లో జగ్గయ్యపేటలో మా వీధిలోనే సాయంత్రాలు ఆడవాళ్లకు అక్షరాలు నేర్పారు. మిరపకాయలు కోసి వచ్చినవాళ్లు కూడా పలకలు పట్టుకుని కూర్చునేవారు. ఐదో తరగతి చదివినదాన్ని నేను వెళ్లి ఎలా కూర్చుంటాను? చేటలో బియ్యం వేసుకుని మా గుమ్మంలో నిలబడి వినేదాన్ని. వినడంతో అక్షరాలు రావు. మా ఆయనకు పెళ్లయిన నెలకే సంగతి తెలిసిపోయింది. ఎవరితోనూ అనలేదు. నాతోనూ అనలేదు.

ఆయన టీవీలు బాగుచేసేవారు. రెండువేలు దాటాక విజయవాడ నుంచి ఒక వీడియో గేమ్ డబ్బా, రెండు రిమోట్లు, నాలుగు సీడీలు తెచ్చి, పిల్లలు గంటకింతని డబ్బులిచ్చి ఆడుకునేలా మా ముందు గదిలో పెట్టారు. నందిగామలో మా మరిది కూడా బస్టాండుకు దగ్గర్లో తన ఇంటి ముందు గదిలో ఇవే సీడీలతో అలాంటి కొట్టే పెట్టాడు. ఇక్కడ మా ఆయన వెనక గదిలో రిపేర్లు చేసుకుంటుంటే ముందు గదిలో సీడీలు మార్చే పని నాకు పడింది.

ఆ నాలుగు సీడీలూ ఒకే జపాను కార్టూనువి. మాయమైపోయిన తమ ఊరిని వెతుక్కుంటూ ఒక పిల్లల జట్టు తిరిగే కథ. అప్పట్లో కేబుల్లో హిందీలో వచ్చేది. మా ఊళ్లో ఎవరికీ మాటలు సరిగ్గా అర్థమయ్యేవి కావు, అయినా బడి వదలగానే అందరూ టీవీల ముందే ఉండేవారు. సీడీల్లో అయితే హిందీ కూడా లేదు. రాతంతా జపాను రాతే. ఇంగ్లీషు మీడియం పిల్లలు కూడా తెల్లమొహం వేసేవారు. "ఏంటాంటీ ఇది, ఒక్క ముక్క అర్థం కావట్లా" అని రిమోట్ పక్కన పెట్టేసేవారు.

నాకు మాత్రం ఏ ఇబ్బందీ కలగలేదు. ఇంగ్లీషు రాతా, తెలుగు రాతా, జపాను రాతా నాకు ఒకటే. అన్నీ బొమ్మలే. బస్సు బోర్డుల్ని, మందు సీసాల్ని అప్పటిదాకా అలాగే గుర్తుపట్టి బతికాను. తెర మీద వచ్చే గీతల్లో, అంటే రాత వరసల్లో, గొడ్డలిలాంటి అక్షరం ఉన్నది నొక్కితే పాత ఆట చెరిగిపోతుంది. పీటలాంటి అక్షరం ఉన్నది నొక్కితే నిన్న ఆపినచోట మొదలవుతుంది. తలుపు తెరిచినట్టుండేది నొక్కితే కొత్త ఆటగాడు వస్తాడు. వారం తిరిగేసరికి నాలుగు సీడీలూ నాకు వంటింట్లో డబ్బాల్లాగా తెలిసిపోయాయి. చదువుకున్న పిల్లలు వచ్చి, చదువురాని నన్ను, ఇదేంటి అదేంటి అని అడిగేవారు. ఆంటీకి జపాను భాష కూడా వచ్చని ఎవడో పుట్టించాడు. నేను కాదనలేదు.

ఆ మాట నందిగామ దాకా పోయింది. మా తోటికోడలు పదో తరగతి పాసైంది. ఆ సంగతి మాటల్లో నెలకోసారైనా వచ్చేది. రోజూ ఫోను చేసేది.

"అక్కా, ఇక్కడ వీళ్లు నా బుర్ర తినేస్తున్నారు. ప్రతిదానికీ నీకు ఫోనెక్కడ చెయ్యను? ఒక నోటు బుక్కులో రాసి పంపు. ఐదు చదివావుగా, ఆమాత్రం రాయలేవా?"

"రాస్తాలే."

ఆ "రాస్తాలే"ని ఎనిమిది నెలలు లాగాను. చెయ్యి నొప్పన్నాను. పుస్తకం తడిసిందన్నాను. ఇంట్లో ఒకచోట కూర్చోలేకపోయేదాన్ని. పొయ్యి మీద పాలు పెట్టి వీధిలోకి వచ్చి నిలబడేదాన్ని. మొదటి నెల దాటకముందే పక్కింటి కుట్టుమిషనావిడ దగ్గరికి వెళ్లి తలుపు వేసి చెప్పేశాను. ఆవిడ మా వీధి తరగతిలోనే నేర్చుకుంది.

"ఓసి నీ! గుమ్మంలో నుంచుని వినేదానివి, వచ్చి కూర్చోడానికేం?" అంది. మర్నాటి నుంచి పిల్లలు బళ్లో ఉండే వేళల్లో మిషను పక్కన కూర్చోబెట్టి నేర్పింది. గుడ్డల మీద గీసే సుద్దతో పలక మీద రాయించేది. ఒత్తులు నన్ను ఏడిపించాయి. అయినా ఆ ఎనిమిది నెలలు తిరిగేసరికి తప్పో ఒప్పో ఒక వాక్యం రాయగలిగాను.

నా జీవితంలో నేను రాసిన మొదటి పుస్తకం వీడియో గేముల మీద. నవ్వొస్తే నవ్వండి. అందులో ఇలా ఉండేది:

"మొదటి సీడీ. ఒకరితో ఒకరు కొట్టుకునేది. కార్టూను చూడనివాళ్లు కూడా దీంతో మొదలుపెట్టొచ్చు. ఎర్ర కండువా వాడిని తీసుకోవద్దు. అందరూ వాడినే తీసుకుంటారు కాబట్టి వాడి దెబ్బలు అందరికీ తెలుసు. గొడుగు ముసలమ్మను తీసుకోండి. నిదానమే గాని ఒక్క దెబ్బ చాలు.

"రెండో సీడీ. కథ ఉన్నది. తొందరపడేవాళ్లు దీని జోలికి పోవద్దు. దారిలో కనపడిన ప్రతి మనిషితోనూ మాట్లాడాలి. మాటలు అర్థం కావు, అయినా మాట్లాడాలి. లేకపోతే వంతెన కిందికి దిగదు.

"మూడో సీడీ. బండ్ల పందెం. కార్టూనులో అసలు బండ్లే లేవు. చిన్నపిల్లలు పేచీ పెడితే ఇది వెయ్యండి.

"నాలుగో సీడీ. అన్నిటిలోకీ మంచిది. ఇరవైనాలుగుమంది ఉంటారు, మొదట ఆరుగురే కనిపిస్తారు. మిగతావాళ్లు గెలిచేకొద్దీ వస్తారు. వచ్చినవాళ్లను మెమరీ కార్డులో దాచుకోవాలి."

చిత్తులో ప్రతి మాట పక్కనా జపాను అక్షరం బొమ్మ గీశాను. పీట, గొడ్డలి, తలుపు. అవి చూసి కుట్టుమిషనావిడ "రాత కంటే నీ బొమ్మలే బాగున్నాయి వదినా, ఉంచు" అంది. నేను ఉంచలేదు. చదువుకున్నవాళ్ల పుస్తకాల్లో ఇలాంటి బొమ్మలు నేను చూడలేదు. తోటికోడలు చూస్తే, ఇదేంటక్కా, గీతలు గీశావు అంటుందని భయం. సాపు రాసేటప్పుడు బొమ్మలన్నీ తీసేసి వాటి బదులు పైది, కిందిది అని పెట్టాను. "నాలుగో సీడీ పెట్టగానే రెండు గీతలొస్తాయి. పైదే నొక్కాలి. మళ్లీ అడుగుతుంది. మళ్లీ పైదే నొక్కాలి." అచ్చం చదువుకున్నదాని పుస్తకంలా ఉంది. మరిది వచ్చినప్పుడు ఇచ్చి పంపాను.

నందిగామలో ఆ పుస్తకం బాగానే పనిచేసింది. అందరికంటే ఎక్కువగా వాడింది మా తోటికోడలి కూతురు. పదో తరగతి పరీక్షలయ్యాయి, కాలేజీ హాస్టల్లో చేరేదాకా ఆడుకోమన్నారు. ఆ వేసవంతా నాలుగో సీడీ మీదే కూర్చుని ఇరవైనాలుగుమందినీ బయటికి తెచ్చిందట. పెద్దవాళ్లు కూడా వచ్చి దాని కార్డు చూసి వెళ్లేవారట.

హాస్టలుకు వెళ్లడానికి ఇంకా నాలుగు రోజులుందనగా ఫోనొచ్చింది.

"అక్కా, అది కార్డు చెరిపేసింది! మొత్తం పోయింది. పైగా నీ పుస్తకంలో ఉన్నట్టే చేశానని దబాయిస్తోంది. ఒక్కసారి వచ్చి చూసిపో."

మధ్యాహ్నం బస్సెక్కాను. చిల్లకల్లు దాటేదాకా కిటికీ పక్కన, నవాబుపేట దాకా మధ్య సీట్లో, ఆ తర్వాత నిలబడే ఉన్నాను. సీటు ఖాళీ ఉన్నా కూర్చోబుద్ధి కాలేదు. కండక్టరు "కూర్చోండమ్మా" అంటే "దిగేది దగ్గరేగా" అన్నాను. నందిగామ ఇంకా చాలా దూరం ఉంది.

వెళ్లేసరికి పాప మూల కుర్చీలో మోకాళ్ల మీద గడ్డం పెట్టుకుని ఉంది. ఏడ్చి ఏడ్చి ఆపేసిన మొహం.

"పైదే నొక్కా పెద్దమ్మా. రెండుసార్లూ పైదే."

"నోర్ముయ్!" అంది వాళ్లమ్మ. "పెద్దమ్మ పుస్తకం తప్పయితే ఇన్నాళ్లూ ఎలా ఆడావే? కింద నొక్కి పైన నొక్కానంటావా? ఏదైనా సహిస్తా గాని అబద్ధం సహించను."

నేను సీడీ పెట్టమన్నాను. పాత సీడీ గీతలుపడి పోతే మరిది ముందురోజే కొత్తది తెచ్చాడట. అదే ఆట, అదే అట్టబొమ్మ. తెర మీద రెండు గీతలు వచ్చాయి. పైదానిలో గొడ్డలి ఉంది. పీట కిందికి పోయింది.

చూడగానే నాకు తెలిసిపోయింది. ఈ సీడీ ఇంకోసారి చేసినప్పుడు ఎవరో వరసలు మార్చారు. నేను గొడ్డలి బొమ్మ గీసి ఉంటే పాప చూసి ఆగేది. పైది అని రాశాను కాబట్టి పైది నొక్కింది. చెప్పినమాట చెప్పినట్టు విన్న పిల్ల అది.

"ఏముందక్కా? నీకు జపాను వచ్చుగా, చదివి చెప్పు" అంది తోటికోడలు.

చెప్పాలంటే అంతా చెప్పాలి. జపాను చదవలేదు, బొమ్మలు చూశాను. ఆ బొమ్మలు ఎందుకు తీసేశానో, తెలుగు ఎప్పుడు నేర్చుకున్నానో, ఐదో తరగతి ఎక్కడిదో. ఒక దారం లాగితే అంచంతా ఊడొస్తుంది. నోరు తెరిచాను.

"ఏమో, పొరపాటున నొక్కి ఉంటుంది. చిన్నపిల్ల" అన్నాను.

పాప నా వైపు చూసింది. ఆ చూపులో కోపం ఉన్నా బాగుండేది.

"చూశావా? పెద్దమ్మకి సారీ చెప్పు" అంది వాళ్లమ్మ.

"సారీ పెద్దమ్మా" అంది. నేను దాని తల నిమిరాను. నిమిరాను, ఆ పుస్తకం రాసిన చేత్తోనే.

సాయంత్రం ఇంటికొచ్చి అన్నం వండబోయి బియ్యం రెండుసార్లు కడిగాను, నీళ్లు పోయడం మర్చిపోయాను. గదిలో పిల్లలు ఆడుతున్నారు. పీట వచ్చినప్పుడల్లా నా కళ్లు తెర మీదికి పోతున్నాయి. మా ఆయన స్క్రూడ్రైవరు పక్కన పెట్టి "ఏమైంది?" అన్నారు. చెప్పాను. ఆయన "ఆ పిల్ల హాస్టలుకు అబద్ధాలకోరు అన్న పేరుతో వెళ్తుందన్నమాట" అన్నారు. నేను వీధిలోకి, లోపలికి, మళ్లీ వీధిలోకి తిరుగుతూనే ఉన్నాను. ఫోను దగ్గరికి రెండుసార్లు వెళ్లాను. ఫోనులో చెబితే తోటికోడలికి చేరుతుంది గాని పాపకు చేరదనిపించింది.

తెల్లారగానే మొదటి బస్సుకు నందిగామ వెళ్లాను. తోటికోడలు కుళాయి దగ్గర బిందె నింపుతోంది. పాప మెట్ల మీద పళ్లు తోముకుంటోంది.

"ఏంటక్కా ఇంత పొద్దున్నే? బావగారు బాగానే ఉన్నారా?"

"బాగానే ఉన్నారు. పాప అబద్ధం చెప్పలా. పైదే నొక్కింది. నా పుస్తకమే తప్పు."

"తప్పేంటి, చదివే రాశావుగా?"

"చదవలా. నాకా జపాను రాదు. తెలుగే ఈమధ్య నేర్చుకున్నా, మా కుట్టుమిషనావిడ దగ్గర."

బిందె నిండి నీళ్లు పాదాల మీద పడుతున్నాయి. కుళాయి కట్టెయ్యడం మర్చిపోయింది.

"మరి ఐదో తరగతి?"

"మా మావయ్య చదివించాడు. పెళ్లిచూపుల్లో, ఒక్క పూటలో."

"మరి ఎనిమిది నెలలు చెయ్యి నొప్పన్నావు!"

"నొప్పే. సుద్దముక్క పట్టుకుని."

ఆవిడకు నవ్వొచ్చిందో కోపమొచ్చిందో తెలియదు, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. పాప నురుగు ఉమ్మేసి లేచి నిలబడింది. ముందు వాళ్లమ్మ వైపు తిరిగి "విన్నావా?" అంది. తర్వాత నాతో అంది:

"నిన్న నేను చెప్పిన సారీ నాకిచ్చెయ్ పెద్దమ్మా."

"ఇచ్చేస్తున్నా. సారీ."

పాప నోరు కడుక్కుంది. "పద్దెనిమిదిమందిని మళ్లీ తేవాలి. మూడు రోజులే ఉంది" అంటూ లోపలికి వెళ్లి టీవీ పెట్టింది. నేను చెప్పులు విడిచి వెళ్లి రెండో రిమోట్ తీసుకుని దాని పక్కన కూర్చున్నాను. కొట్టు తెరిచే వేళకు ముగ్గుర్ని బయటికి తెచ్చాం.