బైండరు రాసిన ఆఖరి పేజీలు

బైండరు చదివింది పల్లెటూరి బడిలో అయిదో తరగతి వరకే. అయితేనేం, ఆయన కుట్టిన పుస్తకం మళ్లీ విడిపోవడం ఎవరూ చూడలేదు. అద్దె పుస్తకాల కొట్టు కోసం ముప్ఫయ్యేళ్లలో పదకొండు వేల పుస్తకాలు కుట్టాడు. ఆఖరి పేజీలు చిరిగిపోయిన నవల వస్తే ఇంకో ప్రతి ఎక్కడుందో పట్టుకుని, పోయిన పేజీలు ముత్యాల్లాంటి అక్షరాలతో రాసి అతికించేవాడు. అలాంటివి రెండు వందల పన్నెండు అని గొప్పగా చెప్పుకునేవాడు.

నిజానికి రెండు వందల పదకొండే. ఒకదానికి ఇంకో ప్రతి దొరకలేదు. పడవెక్కి వెళ్లిపోయిన ఆ కథలోని పిల్లను బైండరే సొంత బుర్రతో ఇంటికి రప్పించి, ఆరు పేజీలు రాసేశాడు.

కొట్టు మూతపడ్డాక పుస్తకాలన్నీ ఆయన గదికి చేరాయి. చదివేవాళ్లలో మిగిలింది మేడమీద ఉండే రిటైరైన నర్సమ్మ ఒక్కతే. గురువారం గురువారం వచ్చి, ఒకటిచ్చి ఇంకోటి తీసుకుని, కిటికీ పక్క కుర్చీలో కూర్చుని కథ మంచీచెడ్డా మాట్లాడేది. వారం మొత్తంలో బైండరు మనసారా నోరు విప్పేది ఆ గంటసేపే.

ఆ గురువారం ఆమె చేతిలో పుస్తకంతోపాటు ఫోను కూడా ఉంది.

"అన్నయ్యా, ఇందులో పుస్తకాలన్నీ ఊరికే దొరుకుతున్నాయి. నాలుగొందలు దింపుకున్నా!"

"ఎన్ని చదివావు తల్లీ?"

"చదవడమా? మొదలు చూస్తా, చివర చూస్తా, ఇంకోటి తెరుస్తా. కొట్లో చీరలు చూసినట్టే అనుకో." నవ్వింది. "అవునూ, ఆ పడవ నవల ఇందులోనూ ఉంది. ఇక్కడ ఆ పిల్ల తిరిగి రాదే? నీ పుస్తకంలో వచ్చేసిందిగా!"

బైండరు తల దించుకున్నాడు.

"అది... నేనే రాశాను."

చీవాట్లు పెడుతుందనుకున్నాడు. పెడితే బాగుండేది, కాసేపు కూర్చునేది.

"అమ్మో, గట్టివాడివే! పోనీలే, ఇక నాకోసం పుస్తకాలు వెతికే శ్రమ తప్పింది నీకు." పుస్తకం బల్లమీద పెట్టి, నిలబడ్డది నిలబడ్డట్టే వెళ్లిపోయింది.

తర్వాతి గురువారం రాలేదు. ఆ పై గురువారం మెట్ల దగ్గర ఎదురైతే, ఫోనులోంచి తలెత్తి "బాగున్నావా అన్నయ్యా?" అని, జవాబు వినకుండానే పైకెక్కింది.

బైండరు గదిలోకొచ్చి తన ఫోనులో ఆ నవల వెతికాడు. అసలు ఆరు పేజీలూ చదివాడు. ఆ పిల్ల అవతలి ఒడ్డున కుట్టుపని నేర్చుకుని, చిన్న గదిలో ఒంటరిగానే ఉండిపోయింది.

"ఎంత బాగా రాశాడో చూశావా!" అంటూ కిటికీ వైపు తిరిగాడు.

కుర్చీలో ఎండ పడుతోంది.

కాసేపాగి తెల్లకాగితాలు తీశాడు. తాను రాసిన పేజీలు జాగ్రత్తగా ఊడదీసి, అసలువి ఒక్క అక్షరం పొల్లుపోకుండా రాసి అతికించాడు. ఇప్పుడు నిజంగానే రెండు వందల పన్నెండు. ఆ మాట చెప్పుకోవడానికే ఎవరూ లేరు.