నాయన ఊపిరి

కళ్యాణదుర్గంలో మాది పెళ్ళిళ్ళ బ్యాండు. నాయన ట్రంపెట్ ఊదుతాడు, నేను శాక్సఫోన్. పోయిన ఎండాకాలం బెంగళూరు నుంచి ఒక మాస్టరు వచ్చి, చుట్టుపక్కల బ్యాండులోళ్ళనంతా కలిపి పెద్ద జాజ్ ఆర్కెస్ట్రా కట్టినాడు. మూతపడిన శెనక్కాయల మిల్లులో మేము వాయించేది వీడియో తీయాలని ఆయన ఆశ. పాట నడుమ నాయన ఒక్కడే లేచి ఊదే ముక్క ఉండాది.

నా భయమంతా ఆ ముక్క గురించే. అంతకు ముందు చలికాలంలో నిమ్ము చేసి నాయన ఆస్పత్రిలో పడుకొని లేచినాడు. అప్పట్నుంచి నాలుగు మెట్లెక్కినా ఆయాసమే. ఈ సంగతి నేనే మాస్టరుకు చెప్పినా. ఆయన అడిగితే నాయన నవ్వేసినాడు.

"మా పాపకు ఉట్టి దిగులు సార్. నాకేమైంది? గుండ్రాయి మాదిరి ఉండా."

వీడియో తీసే పొద్దు మిల్లు రేకుల కింద పొయ్యిలో కూర్చున్నట్లుండాది. చప్పుడు పడుతుందని ఫ్యాన్లు ఆపేసినారు. కెమెరాలు తిరిగినాయి.

నాయన లేచినాడు. మొదట ఎంత బాగా ఊదినాడో! పై స్వరానికి పోతానే మెడనరాలు ఉబ్బినాయి, పెదాలు నల్లబడినాయి. నా వేళ్ళు మీటల మీద ఆడతాండాయి గానీ ఏం వాయిస్తాండానో నాకే తెలీదు. ఉన్నట్టుండి స్వరం తెగింది. నాయన నోరు తెరిచినాడు, ఊపిరి అందలేదు.

కెమెరా ఆయన మొగం మీదికే పోతాండాది. కావాలనే ఆపినాడని అందరూ అనుకున్నారేమో, వాయిస్తానే ఉండారు. నేను కుర్చీలు తోసుకుంటా పోయి నాయన్ను నడుము కాడ పట్టుకున్నా. బరువంతా నా మీద పడింది.

"ఆపండన్నా! నాయనకు ఊపిరాడటం లేదు!"

ఆటోలో ఆయన కళ్ళు మూతలు పడినప్పుడంతా చెంపలు తట్టినా. "నాయనా, నన్ను చూడు. ఈడ చూడు." ఆస్పత్రిలో ఆక్సిజన్ పెట్టినాక గానీ నేను ఆయన చెయ్యి వదల్లేదు.

"ఊపిరితిత్తులు ఇంకా మానలేదప్పా. ఇంక ఊదే పని వద్దు," అనింది డాక్టరమ్మ. నాయన గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

వానాకాలంలో వీడియో మళ్ళీ తీసినారు. ఆయన ముక్క నాకిచ్చినారు. నాయన కెమెరా పక్కన కుర్చీలో కూర్చున్నాడు.

"ముందుకు చూడమ్మా," అని మాస్టరు ఎన్నితూర్లు చెప్పినా నాకు చేతకాలేదు. నేను ఊదినంత సేపూ నాయన రొమ్ము పైకి లేస్తాందా లేదా అని పక్కకే చూస్తాండా.