అత్తగారి గొంతు నాది కాదు

నేను రెండు భాషల నటిని. తమిళంలో నా గొంతు నాదే. తెలుగులో కాదు. పుట్టి పెరిగిన భాషలో నోరు నాది, గొంతు ఇంకొకరిది. ఈ మాట ఎవరికి చెప్పినా నవ్వేసి ఊరుకుంటారు, అందుకే కూర్చుని రాస్తున్నాను.

మాది జగిత్యాల దగ్గర ఊరు. తమిళ సీరియల్ వాళ్లు నా తప్పుల తమిళం విని, పోనీలే అని పాత్రనే తెలుగింటి కోడలిగా మార్చుకున్నారు. అత్తగారి పాత్ర వేసిన తెలుగు సీరియల్‌లో మాత్రం మొదటి రోజే దర్శకుడు మొహం చిట్లించాడు. "గొప్పింటి అత్తగారు ఇలా మాట్లాడరమ్మా, ఇది పనిమనిషి భాష" అన్నాడు. అప్పటి నుంచి డబ్బింగ్ స్టూడియోలో ఎవరో ఒకావిడ నా పాత్రకు తన గొంతుతో మాటలు చెబుతోంది. ఆవిడ మీద నాకు కోపం లేదు, పొట్టకూటి కోసం చేసే పని. ఆ దర్శకుడి మీద ఇంకా ఉంది. పైగా ఈమధ్య హీరోలు మా యాసను ట్యూషన్ పెట్టించుకుని మరీ నేర్చుకుంటున్నారు. వాళ్లకు ఈలలు, నాకు డబ్బింగ్.

మా ఆయన ఉద్యోగం దోహాలో. నాకు నెలలో సగం రోజులు హైదరాబాదు, చెన్నైలలో షూటింగులు, మిగతా సగం దోహాలోనే ఫరీజ్ బిన్ మహమూద్ అనే పేటలో మా ఫ్లాటు. అందుకని ఇక్కడి తెలుగు సంఘానికి నేను విమానం టికెట్ కొనక్కర్లేని ముఖ్య అతిథిని. పోయిన చలికాలం వాళ్ల వార్షికోత్సవం దోహా పక్కనే అల్ రయ్యాన్‌లో ఒక స్కూలు హాల్లో పెట్టారు. సంఘం కార్యదర్శి కాకినాడ వైపు ఇంజనీరు, మర్యాదస్తుడే. స్టేజీ పక్కన నన్ను నిలబెట్టి ఫోన్‌లో నా సీరియల్ డైలాగు వినిపించాడు.

"ఇది స్పీకర్లలో వేస్తామండీ. మీరు పెదాలు కదిపితే చాలు."

"అక్కర్లేదు, నేనే మాట్లాడతాను."

"వద్దులెండి మేడమ్. జనానికి ఆ గొంతే అలవాటు. మీరు మాట్లాడితే గుర్తుపట్టరు."

ఒళ్లు మండిపోయింది. నేను మాట్లాడితే నన్ను గుర్తుపట్టరట. మైకు ఇవ్వకపోతే ఇటు నుంచి ఇటే ఇంటికి పోతానన్నాను. ఆయన గడియారం చూసుకుని, "సరే, యల్లా, కానివ్వండి, మీ ఇష్టం" అంటూ మైకు చేతిలో పెట్టాడు.

ముందు వరుసల్లో ఆఫీసు ఉద్యోగుల కుటుంబాలు. వెనక మెసైమీర్ వైపు భవనాలు కట్టే సైట్లలో పనిచేసే మా జిల్లాల వాళ్లు, కంపెనీ బస్సులో వచ్చి కూర్చున్నారు. వాళ్లను చూడగానే ధైర్యం వచ్చింది. ఎవరికి అర్థమైనా కాకపోయినా వీళ్లకు అర్థమవుతుంది అనుకున్నాను.

"గా టీవీల మాట్లాడేది నేను కాదు" అన్నాను. "మా ఇంట్ల గిట్లనే మాట్లాడుతరు. గీ మాట పనికిరాదని నా నోట్లె ఇంకొకల్ల గొంతు పెట్టిండ్రు. ఇన్నేండ్ల సంది నన్ను మూగదాన్ని చేసిండ్రు."

హాలంతా ఘొల్లుమంది.

మొదట నాకు అర్థం కాలేదు. "ఎందుకు నవ్వుతున్నరు? నేను నిజంగనే కోపంల ఉన్న" అన్నాను. ఇంకా నవ్వారు, ఎవరో ఈల కూడా వేశారు. నేను గొంతు పెంచినకొద్దీ నవ్వులు పెరిగాయి. టీవీలో ఈ మాట వినబడితే నవ్వాలని వాళ్లకు నేర్పింది ఎవరు? మా సీరియళ్లే. వెనక వరుసల వైపు చూశాను. మా వాళ్లూ పడీపడీ నవ్వుతున్నారు. ముందు వరుసల మీద కోపం వచ్చింది గానీ, వీళ్లను చూస్తే ఏడుపొచ్చింది. మైకు అక్కడే పెట్టేసి దిగిపోయాను.

"మీరు కామెడీ ఇంత బాగా చేస్తారని తెలీదండీ" అన్నాడు కార్యదర్శి. ఏం చెప్పినా అదీ కామెడీయే అవుతుందని గేటు వైపు నడిచాను.

గేటు దగ్గర, వెనక వరుసలో కూర్చున్న ఒకతను సెల్ఫీ కోసం వచ్చాడు. కోరుట్ల అట, మా ఊరికి ఎంతో దూరం కాదు. మొహం నిండా సంతోషం.

"అక్కా, మన భాష మస్తు చేసినవ్. అచ్చం మనోళ్ల లెక్కనే. యాడ నేర్చుకున్నవ్?"

"మా అమ్మ కాడ" అన్నాను.

అతను దానికీ నవ్వాడు.